మ్యాపులో లేని వంటశాల

2023లో నేను మలేషియాలోని ఈపోలో ఒక దినపత్రికకు విలేఖరిని. పట్టణ మండలులు, ఇళ్ల పథకాలు, రోడ్లు నా బీటు. బీటు అంటే ఒక విలేఖరికి అప్పగించిన రంగం. అక్కడ జరిగే మంచీ చెడూ అతనే రాయాలి. ఇరవై ఏళ్లకు పైగా అదే బీటులో తిరిగాను. నా పేరుతో వచ్చిన వార్తల్లో ఒక్కటి మాత్రం ఇప్పటికీ చదవలేను. తప్పు అందులో మండలివాళ్లదీ ఉంది, నాదీ ఉంది.

ఆ ఏడాది మొదట్లో ఒక పట్టణ మండలి అధికారులు అధ్యయన యాత్రకు వెళ్తూ నన్నూ తీసుకెళ్లారు. కమ్యూనిస్టు పార్టీ పాలిస్తున్న ఒక దేశపు పెద్ద నగరం అది. ఒకే ఎత్తు, ఒకే రంగు, ఒకే తీరు కిటికీలతో ఫ్లాట్ల బ్లాకులు వీధి చివరిదాకా నిలబడి ఉన్నాయి. ఫ్లాటు నచ్చిందా అని ఒక ముసలాయన్ని అడిగితే, ముందు అటూ ఇటూ చూసి, తర్వాత "బాగుంది" అన్నాడు. ఆ చూపు నోట్‌బుక్‌లో రాసుకున్నాను. ఇంకో సంగతి కూడా రాసుకున్నాను. నాలుగు బ్లాకులకు ఒకచోట, కింది అంతస్తులో పసిపిల్లల్ని చూసుకునే శాల, పక్కనే ఉమ్మడి వంటగది, ఆ పక్కన చిన్న ఆసుపత్రి. ఫ్యాక్టరీకి వెళ్లే తల్లులు దారిలో బిడ్డల్ని దించి వెళ్తారని అక్కడి ఆయా చెప్పింది. మాతో వచ్చిన కన్సల్టెంటు, అంటే మండలికి ప్లాను గీసి ఇచ్చే ప్రైవేటు నిపుణుడు, లోపలికి రాలేదు. రోడ్డు మీద నిలబడి బ్లాకులకు ఫొటోలు తీసుకున్నాడు.

తిరిగొచ్చాక ఆ ఫొటోలే తెర మీద చూపించాడు. "ప్లానింగ్ అంటే ఇదీ. అడుగు నేల వృథా కాదు," అన్నాడు. సుంగై సిపుట్ ఊరి వైపు ఉన్న పాత రబ్బరు తోట లైన్ ఇళ్లు, అంటే ఒకప్పుడు తెలుగు కూలీలకు వరుసగా కట్టిన ఇళ్లు, తీసేసి అలాంటి బ్లాకులు కడతారట. విలేఖరులకు ప్రెస్ కిట్ ఇచ్చారు. మేము వార్త రాసుకోవడానికి వాళ్లే తయారు చేసిన కాగితాల ఫోల్డరు. అందులో "ఇళ్ల మధ్య ఖాళీ స్థలం, వాడకంలో లేని ఒక షెడ్డు" అని ఉంది. నేను ఆ చోటికి వెళ్లలేదు. ఆఫీసుకు వచ్చి, కాఫీ తాగి, ఆ వాక్యాన్ని అలాగే దించేశాను. మూడో పేజీలో బొమ్మతో సహా వచ్చింది.

వారం తర్వాత ఫోను వచ్చింది. అవతల దేవి అనే అమ్మాయి, ఆ లైన్ ఇళ్లలో ఉంటుంది, రబ్బరు గ్లవ్స్ ఫ్యాక్టరీలో పని.

"అన్నా, మీరు ఖాళీ అని రాసినారు. నా పాపని రోజూ ఏ ఖాళీలో ఒగ్గేసి డూటీకి ఎల్తన్నానో వచ్చి సూడండి లా," అంది, ఇక్కడివాళ్ల అలవాటు కొద్దీ మాట చివర 'లా' చేర్చి.

మర్నాడు ఉదయం ఆరున్నరకు వెళ్లాను. రేకుల కప్పు, నడుము ఎత్తు గోడలు, నాలుగు పెద్ద పొయ్యిలు. దూలాలకు చీరల ఉయ్యాలలు వేలాడుతున్నాయి. మోటారు సైకిళ్లు ఒకదాని వెనక ఒకటి వచ్చి ఆగుతున్నాయి. ఒక్కో తల్లి బిడ్డను దించి, అన్నం డబ్బా అందుకుని వెళ్లిపోతోంది. దేవి తన ఏడాదిన్నర పాపను తన మామ్మ చేతిలో పెట్టి పరుగెత్తింది. ఆ మామ్మ పేరు అప్పలనర్సమ్మ. డెబ్బై అయిదు దాటిన మనిషి. ఇంకో నలుగురు ఆడవాళ్లతో కలిసి ఆ వంటశాల నడిపేది ఆవిడే.

"నువ్వేనా ఖాళీ బాబువి?" అంది నన్ను చూసి. "కూకో. టీ తాగు. ఖాళీగా ఉంది కదా."

మిగతా నలుగురూ నవ్వారు. నాకు మొహం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

ఆ షెడ్డు కథ ఆవిడే చెప్పింది. 1948 తర్వాత మలయాలో ఎమర్జెన్సీ పెట్టిన రోజుల్లో, అడవిలో దాక్కున్న కమ్యూనిస్టులకు తిండి అందకూడదని, తెల్లవాళ్ల ప్రభుత్వం చుట్టుపక్కల కూలీలందర్నీ ఒకచోటికి చేర్చి ముళ్లకంచె వేసింది. అప్పుడు కట్టిందే ఈ వంటశాల.

"ఇంటికి బియ్యం ఇచ్చీవోరు కాదు నాయనా. ఇక్కడొండి అన్నమే ఇచ్చీవోరు. బియ్యమైతే అడివిలోకి ఎలిపోద్దని బయం."

"కంచె తీసేశాక దీన్ని ఎందుకు ఉంచారు మామ్మా?"

"పొయ్యిలేటి సేసినాయి? అమ్మలు సీకటితోనే రబ్బరు గీతకి ఎలిపోతే పిల్లల్నెవులు సూస్తారు? ఇక్కడే పడీసినారు. నన్నూ అలాగే పెంచినారు. ఇప్పుడు ఈళ్లు ఫ్యాక్టరీకి ఎల్తన్నారు, అంతే తేడా."

నేను విదేశంలో చూసిన పిల్లల శాల సంగతి ఆవిడకు చెప్పాను. ఆవిడ పాపను జోకొడుతూ వింది. మండలివాళ్లు ఇక్కడికి వచ్చి చూశారా అని అడిగాను.

"వచ్చినారు. ఆదోరం నాడు. ఆ రోజు అందరికీ సెలవు కదా. కుక్క తప్ప ఎవులూ లేరు."

నెల తర్వాత మండలి కార్యాలయంలో అబ్జెక్షన్ హియరింగ్ జరిగింది. ప్లాను ఖరారు చేసే ముందు జనం అభ్యంతరాలు వినే సమావేశం అది. గోడ మీద ల్యాండ్ యూజ్ మ్యాపు, అంటే ఏ నేలను దేనికి వాడుతున్నారో రంగులతో చూపే పటం. ఇళ్లకు పసుపు, బడికి ఎరుపు. వంటశాల ఉన్నచోట తెలుపు. తెలుపు అంటే ఏమీ లేదని. ప్లానులో అక్కడ కార్ల పార్కింగ్ వస్తోంది. దేవి లేచి, ఆ షెడ్డు పోతే తన ఉద్యోగం పోతుందని మలయ్‌లో చెప్పింది. కన్సల్టెంటు ఆమె వైపు చూడలేదు. ఫైలులోంచి ఒక పేపరు కత్తిరింపు తీసి పైకెత్తాడు.

"పత్రిక కూడా ఖాళీ స్థలమనే రాసింది."

అది నా వార్త.

విలేఖరుల బెంచీ మీదినుంచి మాట్లాడకూడదు. అయినా లేచాను. ఆ వాక్యం మీ ప్రెస్ కిట్‌లోదేనని, నేను చూడకుండా రాశానని చెప్పాను. మీరు ఫొటో తీసిన బ్లాకుల కింద పిల్లల శాల ఉందని, అది మీ ప్లానులో ఎందుకు లేదని అడిగాను.

"అది వాళ్ల వ్యవస్థ. మనది వేరు," అన్నాడు.

అధ్యక్షుడు నన్ను కూర్చోమన్నాడు. అప్పుడు అప్పలనర్సమ్మ లేచింది. ఆవిడ తెలుగులో చెబుతుంటే దేవి మలయ్‌లోకి మార్చింది.

"కమ్యూనిస్టోడికి కూడు పోకూడదని మమ్మల్ని కంచెలో పెట్టినారు. ఇప్పుడు కమ్యూనిస్టోడి కొంపలాంటిదే కట్టి అందులో పెడతామంటన్నారు. ఆడి కొంప నచ్చింది గానీ, కిందనున్న పిల్లలసాల నచ్చలేదా తువాన్ దొరా?"

హాలంతా నవ్వింది. అధికారులూ నవ్వారు. "నోట్ చేసుకున్నాం," అన్నాడు అధ్యక్షుడు. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ నా ఒళ్లు మండుతుంది. ఆ విదేశీ నగరంలో ముసలాయన మాట్లాడే ముందు అటూ ఇటూ చూశాడు. ఇక్కడ ఈవిడ ఎవరికీ భయపడకుండా మాట్లాడింది. విన్నారు, నవ్వారు, ప్లానులో మాత్రం ఒక్క గీత కూడా మారలేదు.

సవరణ వెయ్యమని మా ఎడిటరు దగ్గర పట్టుబట్టాను. నాలుగు లైన్లు వేశారు, లోపలెక్కడో, టైర్ల ప్రకటన కింద. వంటశాలను ఒక ఆదివారం పడగొట్టారు.

బ్లాకులు లేచాక ఒక పనిరోజు ఉదయం వెళ్లాను. కింది అంతస్తంతా పార్కింగే. ఒక స్తంభం పక్కన రెండు కార్ల మధ్య చాప పరిచి అప్పలనర్సమ్మ కూర్చుని ఉంది. పక్కన దేవి పాప నిద్రపోతోంది, ఇంకో ఇద్దరు పిల్లలు ఆడుకుంటున్నారు. కాపలావాడు లేవమని రెండుసార్లు చెప్పి పోయాడట. దేవి ఫ్యాక్టరీ పని మానేసింది, పొద్దున పూట మార్కెట్లో కూరలు అమ్ముతోంది. తలెత్తి చూశాను. పైన నున్నటి కాంక్రీటు. ఉయ్యాల కట్టడానికి దూలం లేదు.

"ఈపాలి ఏటి రాస్తావు నాయనా?" అంది ఆవిడ. "ఇది కూడా ఖాళీయేనా?"

రాశాను. ఎవరూ ఏమీ మార్చలేదు. నేను మారాను, అది ఆవిడకు ఏ విధంగానూ ఉపయోగపడదు. ఇప్పుడు ఏ ప్రెస్ కిట్‌లో ఖాళీ స్థలం అన్న మాట కనబడినా, మీరు అక్కడికి ఏ రోజు వెళ్లారు, ఎన్ని గంటలకు వెళ్లారు అని అడుగుతాను. జవాబు ఆదివారం అయితే ఆ ఫోల్డరు మూసేసి, సోమవారం ఉదయం ఆరున్నరకల్లా అక్కడ ఉంటాను.