న్యూస్‌రీలులో మా మామ

పోయిన నెలలో మా తమ్ముడి మనవరాలి పెళ్ళికని తిరుత్తణి వెళ్ళాను. ఈ వయసులో పెళ్ళికి వెళ్ళడమంటే ఒక కుర్చీలోంచి లేచి ఇంకో కుర్చీలో కూలబడడమే గానీ, పిలిచినవాళ్ళ మనసు కష్టపెట్టలేక వెళతాం. కల్యాణ మండపంలో వేదికకు రెండు పక్కలా గోడంతేసి తెరలు పెట్టి, జరుగుతున్నది జరుగుతున్నట్టే వాటి మీద చూపిస్తున్నారు. పిల్ల మెడలో తాళి పడుతుంటే వచ్చిన జనమంతా పెళ్ళికూతుర్ని వదిలిపెట్టి తెరకేసి చూశారు, కళ్ళు సరిగా ఆనక నేనూ అటే చూశాను. ఆ మండపం కట్టిన చోటనే ఒకప్పుడు టూరింగ్ టాకీసు డేరా ఉండేదని పక్కవాళ్ళెవరికైనా చెబుదామని అటూ ఇటూ చూస్తే, నా ఈడు మనిషి ఒక్కడూ కనిపించలేదు. అందుకని మీతో చెప్పుకుంటున్నాను. నేల టిక్కెట్టు కొని, ఇసుక కుప్పచేసి దాని మీద కూర్చుని బొమ్మ చూసినవాళ్ళు మీలో ఇంకా కొందరైనా మిగిలి ఉంటారు.

మీకు గుర్తుండే ఉంటుంది, ఆ రోజుల్లో అసలు బొమ్మకు ముందు సర్కారు వారి న్యూస్‌రీలు వేసి తీరాలి. సగంమంది అది అయిపోయేదాకా బయటే బీడీలు కాలుస్తూ, వేయించిన శనగలు నములుతూ నిలబడేవాళ్ళు. లోపల మాత్రం ఒక గంభీరమైన గొంతు, ఏ ఊరివాడో తెలియని మనిషి గొంతు, ఇది మన ఆనకట్ట, ఇది మన ఉక్కు, వీడు మన జవాను అని పదే పదే చెబుతూ ఉండేది. మా వాళ్ళలో చాలామందికి దేశం అంటే తిరుత్తణి కొండెక్కితే నలుదిక్కులా కనిపించే మేర, అంతే. అంతకంటే పెద్ద దేశం ఒకటుందని, మనమంతా దానికి చెందినవాళ్ళమని మాకు బడిలో కంటే ఆ డేరాలోనే బాగా తలకెక్కింది. తమాషా ఏమిటంటే, దేశం ఏదో తేలిందిగానీ మా తాలూకా ఏ రాష్ట్రానిదో మాత్రం తేలలేదు. యాభై మూడులో మమ్మల్ని చిత్తూరు జిల్లాతో పాటు ఆంధ్రలో కలిపారు. ఇంట్లో తెలుగు, సంతలో అరవం మాట్లాడుకునే మా వాళ్ళు ఆంధ్ర కావాలన్నవాళ్ళ ఊరేగింపుకూ, మద్రాసు కావాలన్నవాళ్ళ ఊరేగింపుకూ వెళ్ళి, రెండుచోట్లా మజ్జిగ తాగి వచ్చేవాళ్ళు.

నాకు ఉద్యోగం దొరికింది మాత్రం సరిహద్దుకు అవతల, మద్రాసు రాష్ట్రంలో ఉన్న తిరువళ్ళూరులో. ప్రచార వ్యానులో పని. పల్లె పల్లెకూ తిరిగి, రెండు గుంజలకు తెల్లగుడ్డ కట్టి, చిన్న రీళ్ళు ఆడించి, బొమ్మ నడుస్తుంటే మైకులో వివరం చెప్పాలి, అరవం వాళ్ళకు అరవంలో, మన వాళ్ళున్న ఊళ్ళలో తెలుగులో. దుమ్ముకు గొంతు, గతుకులకు నడుము పాడయ్యేవి. ఇరవై రెండేళ్ళకే ముసలివాడిలా మూలుగుతున్నావని మా అమ్మ నన్ను వేళాకోళం చేసేది.

ఇక మా అత్త సంగతి చెప్పాలి. మా నాయనకు చెల్లెలు, ఆర్.కె.పేట దగ్గరి మా ఊళ్ళో, మా ఇంట్లోనే ఉండేది. పెళ్ళయిన కొత్తలోనే మామ యుద్ధానికి పోయాడు. ఆయన పోయింది కూడా ఒక సినిమా చూసే. తెల్లవాళ్ళ కాలంలో, యుద్ధం ముదిరినప్పుడు, పొదటూరుపేట సంతకు తెల్లవాళ్ళ జెండా కట్టిన వ్యాను ఒకటి వచ్చి బొమ్మ వేసిందట. అందులో సిపాయిలందరికీ బూట్లు, అందరికీ కడుపునిండా తిండి, అందరి మొహాల్లోనూ నవ్వు, చచ్చిపడినవాడు ఒక్కడూ లేడు. వానలు ఎగ్గొట్టి చేలు ఎండిన ఏడాది అది. మామ సంత నుంచి ఇంటికి వచ్చి ఆ బూట్ల సంగతే మాట్లాడాడని, మరుసటి సంతకల్లా పేరు రాయించుకున్నాడని మా అమ్మ చెప్పేది. బర్మా వైపు పంపారన్నారు. కొన్నాళ్ళకు మనిషి కనబడడం లేదని ఒక కబురు వచ్చింది. పోయాడనీ అనలేదు, ఉన్నాడనీ అనలేదు.

అలా కనబడకుండా పోయిన మనిషికోసం పన్నెండేళ్ళు చూసి, అప్పటికీ జాడ తెలియకపోతే దర్భలతో మనిషి రూపం అల్లి, దాన్ని దహనం చేసి, కర్మ జరిపించడం మా వైపు ఆచారం. అంతవరకు భార్య ముత్తయిదువే. కానీ పేరుకే. పేరంటానికి మా అత్తను పిలిచేవాళ్ళు, తీరా వెళితే తాంబూలం అందరికీ అయ్యాక చివర్లో ఇచ్చేవాళ్ళు. అటు సుమంగళీ కాక, ఇటు విధవా కాక ఆమె వయసంతా గడిచిపోయింది. యాభై ఆరులో ఆ గడువు నిండింది. కోతలయ్యాక కర్మ చేద్దామని పురోహితుడు అయ్యవారు రోజు పెట్టాడు.

సరిగ్గా దానికి ముందే వచ్చింది తిరుత్తణి కొండమీది ఆడి కృత్తిక పండగ. కావడి మొక్కుతో తిరుత్తణి వెళ్ళిన మా పెద్దమ్మ, పిల్లలు పోరితే డేరాలో బొమ్మకు వెళ్ళి, అసలు బొమ్మ చూడకుండానే పరుగెత్తుకొచ్చింది. న్యూస్‌రీలులో మామను చూశానంటుంది. ఎవరూ నమ్మలేదు. మర్నాడు మా నాయన, అమ్మ, అత్త ముగ్గురూ బస్సెక్కి వెళ్ళి చూశారు. సిపాయిలు కొందరు గుడారం ముందు కూర్చుని టీ తాగుతుంటారు, అందులో ఒకడు ఇటు తిరిగి నవ్వుతాడు. మామే. చిన్నప్పుడు ఎద్దు కొమ్ము తగిలి ఎడమ చెవి తమ్మె చీలి ఉండేది, ఆ చీలిక కూడా తెర మీద స్పష్టంగా కనబడింది. ఎండకూ మంచుకూ వెరవకుండా నేడు మన సరిహద్దులు కాస్తున్న వీరులు వీరేనని ఆ గొంతు చక్కని తెలుగులో చెప్పింది. ఆ గొంతు అబద్ధం చెబుతుందని మా ఇళ్ళల్లో ఎవరికీ ఊహకైనా రాదు. కర్మ ఆగిపోయింది. ఊరంతా పొంగలి పెట్టారు, అత్తకు కొత్త చీర, తలనిండా పూలు. ఆ వరలక్ష్మీ వ్రతానికి తొలి తాంబూలం ఆమెకే ఇచ్చారట.

ఆ సంబరం పట్టుమని నెల కూడా నిలవలేదు. బతికున్నవాడు ఇన్నేళ్ళూ కబురు ఎందుకు పంపలేదన్న మాట మొదట ఎవరి నోట వచ్చిందో గానీ, ఇక ఆగలేదు. అక్కడే ఎవరినో కట్టుకున్నాడన్నారు, పిల్లలు కూడా ఉండి ఉంటారన్నారు, మా అత్తలోనే ఏదో లోపం ఉందన్నవాళ్ళూ ఉన్నారు. నేను సెలవుమీద ఇంటికి వెళ్ళేసరికి అత్త సగమైపోయి ఉంది. పూలు పెట్టుకోవడం మానేసింది, బొట్టు మాత్రం ఉంది. నన్ను పెరట్లోకి పిలిచి, ఎవరినీ అడగలేని మాట నన్ను అడిగింది.

“మీ మామకు చేతులు బాగానే ఉండాయి గదా నాయనా, టీ లోటా పట్టుకోనుండాడు గదా. ఒక కార్డు ముక్క రాసేదానికి ఏమొచ్చింది? నేనేం తప్పు చేసినాను?”

ఆ సాయంత్రమే, ఇంకా ఆ రీలే తిప్పుతున్న డేరాకు వెళ్ళాను. మామ పోయేనాటికి నేను చిన్నవాణ్ణి, ఆయన మొహం నాకు సరిగ్గా గుర్తులేదు. నా కళ్ళు పట్టింది మొహాన్ని కాదు, టీ తాగేవాళ్ళ వెనక లారీ కిందనుంచి లేచి, ఒళ్ళు విరుచుకుని, అడ్డంగా నడిచిపోయే ఒక తెల్ల కుక్కను. ఆ కుక్కను నేనెక్కడో చూశాను. అరక్కోణంలో బండి మారి తిరువళ్ళూరు చేరేదాకా ఆలోచించి, ఆఫీసు అటక మీద తుప్పుపట్టిన డబ్బాలు కొన్ని ఉన్నాయని గుర్తుతెచ్చుకున్నాను. యుద్ధం నాటివి, తెల్లవాళ్ళ రాజుగారి కాలంతోపాటే పనికిరాకుండా పోయినవి. దుమ్ము దులిపే రోజున ఒకసారి మిషను సరిచూడ్డానికి వాటిలో ఒక రీలు ఆడించాం. దాన్నే మళ్ళీ తీసి ఎక్కించాను. అదే గుడారం, అదే టీ, అదే కుక్క, అదే నవ్వు. గొంతు మాత్రం ఇంగ్లీషుది. చక్రవర్తిగారి కోసం నవ్వుతూ పోరాడుతున్నారని చెబుతోంది. పాత రీలులో ఆ నవ్వు తర్వాత కెమెరా నెమ్మదిగా పైకి వెళ్ళి, గుడారం మీద ఎగురుతున్న తెల్లవాళ్ళ జెండాను చూపిస్తుంది. కొత్త దాంట్లో జెండాకు ముందే కత్తిరించేశారు.

మా పై ఆయనకు చెబితే ఆశ్చర్యపోలేదు. సిపాయిలు టీ తాగడం అప్పుడైనా ఇప్పుడైనా ఒకటే కదా, మళ్ళీ తీయడం ఎందుకు, జనం వినేది గొంతునే అన్నాడు. నాకు కోపం రావలసింది, రాలేదు. పెద్ద అలసట మాత్రం వచ్చింది. దేశంమీద అభిమానం కలిగించడానికి వాళ్ళకు ఒక నవ్వు కావలసి వచ్చింది, దొరికింది తీసుకున్నారు, అది ఎవరి మొగుడి నవ్వో వాళ్ళకేం తెలుసు?

ఇంటికి వచ్చి నాయనకు చెబితే, నోరు మూసుకోమన్నాడు. చెబితే దాని బొట్టు మనమే చెరిపినట్టు, అలా ఉండనీ, ముత్తయిదువగానే పోతుంది అన్నాడు. చెల్లెలంటే ఆయనకు ప్రాణం, అది నాకు తెలుసు. మా అమ్మ మాత్రం, ఆ పిల్ల ప్రతి రోజూ చస్తోంది, నువ్వు చూడడం లేదు, అని ఆయన్ను గట్టిగా కసిరింది. రెండు రోజులు ఇంట్లో ఎవరూ సరిగా అన్నం తినలేదు. చివరికి అమ్మ మాటే నెగ్గింది, ఆమెనూ అత్తనూ వెంటబెట్టుకుని తిరువళ్ళూరు వచ్చాను.

ఆదివారం, ఆఫీసులో ఎవరూ లేరు. కిటికీలు మూసి, గోడమీదే బొమ్మ వేశాను. ఇంగ్లీషు గొంతు అత్తకు ఎలాగూ అర్థం కాదని ముందే ఆపేశాను, మిషను చప్పుడు ఒక్కటే. మామ తిరిగి నవ్వాడు. బొమ్మ పైకి వెళ్ళింది, జెండా కనిపించింది. పొదటూరుపేట సంత వ్యానుకు కట్టిన జెండా అదే, అత్తకు ఎవరూ చెప్పనక్కరలేదు. మళ్ళీ వేయమంది. మళ్ళీ వేశాను. ఇది ఎప్పటిదని అడిగింది. డబ్బా మీద మామ యుద్ధానికి పోయిన ఏడాదే రాసి ఉందని చెప్పాను, మనిషి కనబడడం లేదన్న కబురు ఈ బొమ్మ తీశాక వచ్చిందేనని కూడా చెప్పాను. మా అమ్మ ఆమె చెయ్యి పట్టుకుంది.

“అయితే మీ మామ నన్ను ఇడిసిపెట్టలేదు నాయనా,” అంది. “చచ్చిపోయినాడు, అంతే.”

అప్పుడు ఏడ్చింది. అన్నేళ్ళలో ఆమె అలా గట్టిగా ఏడవడం మేమెవరమూ వినలేదు. ఏడ్చి ఏడ్చి, తిరుగు ప్రయాణంలో అరక్కోణం ప్లాట్‌ఫారం మీద తనంతట తానే ఆకలేస్తోందని చెప్పి ఇడ్లీలు తింది. కోతలయ్యాక, ముందనుకున్నట్టే కర్మ జరిగింది. దర్భబొమ్మకు ఎడమ చెవి దగ్గర ఒక పోచ చీల్చమని అత్త అడిగితే, శాస్త్రంలో లేదంటూనే అయ్యవారు చీల్చాడు. ఊళ్ళో వాగినవాళ్ళంతా ఆ రోజు వచ్చి, ఆమె పక్కన కూర్చుని, మామ ఎంత మంచివాడో చెప్పి వెళ్ళారు.

అరవైలో మా తాలూకాను ఆంధ్రలోంచి తీసి మద్రాసు రాష్ట్రంలో కలిపారు. బడి బోర్డులు మారాయి, కచేరీ కాగితాలు మారాయి, డేరాలో న్యూస్‌రీలు గొంతు కూడా మారింది. అదే పాత రీలు ఈసారి అరవంలో వచ్చింది, ఇప్పుడు మన సరిహద్దులు కాస్తున్నది వీళ్ళేనని మళ్ళీ చెప్పింది. ఆ వార్త తెలిసి అత్త తిరుత్తణి వెళ్ళింది. తెల్లచీర కట్టిన ఆడది సినిమాకు పోవడమేమిటని ఊళ్ళో ముక్కున వేలేసుకున్నా వినలేదు. నేలటిక్కెట్టు కొని ముందుగా వెళ్ళి కూర్చునేది, న్యూస్‌రీలు అయిపోగానే లేచి, అసలు బొమ్మకోసం లోపలికి తోసుకొస్తున్న జనానికి ఎదురు నడిచి బయటికి వచ్చేసేది. ఆ రీలు ఆ డేరాకు ఎప్పుడు వచ్చినా అంతే. అరిగి అరిగి చివర్లో తెరంతా గీతలు పడేవి. మొహం కనబడుతోందా అత్తా అని అడిగితే, నీకు కనబడదులే అనేది.

ఇప్పుడు అత్తా లేదు, అమ్మానాయనలూ లేరు, డేరా లేదు, న్యూస్‌రీళ్ళూ ఆగిపోయి చాలా కాలమైంది. మా ఇళ్ళలో పిల్లలు అరవం చదువుతారు, తెలుగు మాట్లాడతారు, చదవలేరు. నేను రాస్తున్న ఈ మాటలు కూడా వాళ్ళకు ఎవరైనా చదివి వినిపించాలి. వాళ్ళ తప్పేం లేదు, మమ్మల్ని అటూ ఇటూ మార్చినప్పుడు మా చేతిలో మాత్రం ఏముంది? ఆ రీలు ఏ గోదాములోనో ఇంకా ఉండే ఉంటుంది. రేపు ఎవరో తీసి, ఇంకో గొంతు పెట్టి, ఇంకో సంగతి చెప్పించుకుంటారు, చెప్పించుకోనీ. నాకున్న దిగులు ఒక్కటే. టీ తాగుతున్న ఆ సిపాయిల్లో మా మామ ఎవరో వేలు పెట్టి చూపించగల మనిషిని నేనొక్కణ్ణే మిగిలాను.