గొంతుకు బదులు కాళ్ళు

మా అమ్మను పాటల బృందంలోంచి తీసేసి, అందుకు బదులుగా ఆమె కాళ్ళు కడుగుతామన్నారు. ఇలాంటి బేరం నేను ఉద్యోగం చేసే టోకు బజారు జార్జి టౌన్‌లో కూడా చూడలేదు. మిరపకాయల బస్తా తీసుకుని ఖాళీ గోనెసంచి చేతిలో పెడితే అక్కడ ఊరుకోరు, చొక్కా పట్టుకుంటారు. చర్చిలో మాత్రం మనం చేతులు జోడించి "వందనాలు అయ్యగారూ" అనాలి.

తొండియార్‌పేటలో తమిళ పట్నం మధ్య మా తెలుగు సంఘం చర్చి చిన్నది. పొద్దున మా ఆరాధన, మేం బయటికి రాగానే అదే బల్లల మీద తమిళం వాళ్ళ ఆరాధన. ఆ చర్చిలో మా అమ్మ నలభై ఏళ్ళ పైచిలుకు పాడింది. పాడింది అంటే తక్కువ చెప్పినట్టు, ఏలింది. సర్కారు ఆసుపత్రిలో ఆయాగా వారమంతా రోగుల మలమూత్రాలు ఎత్తి, ఆదివారం గంజి పెట్టిన తెల్లచీర కట్టుకుని ముందు వరసలో నిలబడేది. ఆమె ఎత్తుకున్నదే శ్రుతి. ఆమె ఊపిరి తీసుకున్న చోటే సంఘమంతా ఊపిరి తీసుకోవాలి. హార్మోనియం వాయించే పెద్దాయన ఆమె మొదటి మాట పాడేదాకా మెట్ల మీద వేలు పెట్టేవాడు కాదు, భయం.

ఇదంతా తల్లి మీద ప్రేమతో రాస్తున్నానని ఎవరూ అనుకోవద్దు. నాకు పదిహేనేళ్ళప్పుడు, క్రిస్మస్ పాటల సాధనలో, అందరి ముందూ నన్ను ఆపి, "నువ్వు నోరు ఆడించుమే, చాలు. శబ్దం బయటికి రానీయబాక" అంది. మొదటి వరసలో వాళ్ళు నవ్వారు. ఆ రోజు నుంచి చర్చిలో నేను నోరు ఆడిస్తూనే ఉన్నాను. డిగ్రీ చదివాను, ఉద్యోగం చేశాను, పెళ్ళి చేసుకున్నాను, పిల్లల్ని కన్నాను. ఆ ఆజ్ఞ మాత్రం రద్దు కాలేదు. దేవుడిని స్తుతించే హక్కు ఎవరికుందో, ఎవరికి లేదో తేల్చే పని మా సంఘంలో కొత్త పాస్టరుగారు మొదలుపెట్టింది కాదు. మా అమ్మే మొదలుపెట్టింది.

కొత్త పాస్టరుగారు గుంటూరు వైపు నుంచి వచ్చారు. వయసులో నాకంటే చిన్న, మాట మెత్తన. ఆయన వచ్చిన కొన్నాళ్ళకే ఆరాధనను ఫోన్లో ప్రత్యక్షంగా చూపించడం మొదలైంది. పాటల బృందానికి కొత్త నాయకుడు కూడా వచ్చాడు. గోదావరి జిల్లా మనిషి, సాఫ్ట్‌వేర్ ఉద్యోగి, నలభైకి దగ్గర పడ్డవాడు, కీబోర్డు బాగా వాయిస్తాడు. బాగా వాయిస్తాడని ఒప్పుకోవడానికి నాకేం కష్టం లేదు. కష్టమంతా అతను నవ్వుతూ మాట్లాడే పద్ధతితోనే.

"మామ్మగారూ, ఇన్నేళ్ళు చాలా పరిచర్య చేశారండి. ఇక హాయిగా కూర్చుని వినండి" అన్నాడు అమ్మతో, ఈస్టరుకు ముందు శ్రమల దినాలు మొదలైన వారం.

"యాడ కూర్చోమంటావు?"

"ఎక్కడైనా అండి. ముందు బల్లే ఇస్తాం."

"నిలబడే చోటు అడగతా ఉంటే కూర్చునే చోటు చూపిస్తావేం నాయనా?"

అతను నవ్వాడు. ఆమెను తీసెయ్యడానికి కారణం నాకు తర్వాత తెలిసింది. మైకులో మిగతా గొంతులన్నీ కలిసిపోతాయట, అమ్మ గొంతు ఒక్కటే పైకి తేలి, జీరగా, బొంగురుగా ఫోన్లో వినబడుతుందట. నిజమే. అమ్మ గొంతు పాడైపోయింది. పై స్థాయికి వెళ్ళబోయి మధ్యలో చీలిపోతుంది. ఆ మాట ఇంట్లో నేనే ఎన్నోసార్లు అన్నాను. కూతురు అనడం వేరు, నెల జీతం తీసుకునే పాస్టరుగారు వెనకాల నిలబడి అతని చేత అనిపించడం వేరు.

అమ్మ ఇంటికొచ్చి తెల్లచీర మడిచి బీరువా అడుగున పెట్టింది. ఆ ఆదివారం చర్చికి రానంది. పై ఆదివారం కూడా. డెబ్బై దాటిన మనిషి, బిడ్డల్ని కన్నప్పుడు తప్ప ఆరాధన మానని మనిషి. అన్నం ముందు పెట్టుకుని గోడకేసి చూస్తూ కూర్చునేది. అప్పటికి నాకు కోపం తలకెక్కింది. ఎవరి మీద ఎక్కువో చెప్పలేను.

పాస్టరుగారి గదికి వెళ్ళాను. ఆయన కుర్చీ చూపించారు. కూర్చోలేదు.

"దేవుని గుడారంలో సేవ చేసే లేవీయులు కూడా యాభై ఏళ్ళకు తప్పుకునేవారక్కా. వాక్యంలోనే ఉంది" అన్నారు ఆయన.

"ఉంది. బరువులు మోసే పని నుంచి తప్పుకునేవారు. మా అమ్మ గుడారం మొయ్యడం లేదు అయ్యగారూ, పాట పాడుతోంది. మరి అదే వాక్యంలో ఎనభై నాలుగేళ్ళు విధవరాలిగా ఉండి దేవాలయం వదలని ముసలామె మాటేంటి? ఆమెను కూడా ముందు బల్ల మీద హాయిగా కూర్చుని వినమన్నారా?"

"అలా తీసుకోకండి."

"ఎలా తీసుకోవాలి? ప్రభువును కడుపులో మోస్తూ, తనను దాసురాలినని చెప్పుకున్న పల్లెటూరి అమ్మాయి పాడిన పాట మీరే ప్రతి క్రిస్మస్‌కీ చదివిస్తారు. బలవంతుల్ని గద్దెల మీంచి దించేసే పాట. ఆమె గొంతు బాగుందా అని ఎవరైనా అడిగారా?"

ఆయన కాసేపు బల్ల మీది పెన్ను అటూ ఇటూ తిప్పారు. తర్వాత ముఖం వెలిగింది. ఆ వెలుగు చూడగానే నాకు ఒళ్ళు మండింది. ఏదో దయ చూపించబోతున్నాడు.

"ఈసారి పరిశుద్ధ గురువారం పాదాలు కడిగే ఆరాధనలో తొలిసారి ఆడవాళ్ళను కూడా పెడుతున్నామక్కా. పన్నెండు మందిలో అమ్మగారు ఒకరు. ఇన్నేళ్ళు సేవ చేసినవారికి మేం సేవ చేస్తాం. ఇంతకంటే గౌరవం ఏముంటుంది?"

సిలువకు ముందు రాత్రి ప్రభువు తన పన్నెండు మంది శిష్యుల కాళ్ళు కడిగాడు, దానికి గుర్తుగా మా చర్చిలో ఆ ఆచారం ఎలా జరుగుతుందో చెప్పాలి. ఏటా పన్నెండు మంది మగవాళ్ళు బలిపీఠం ముందు కుర్చీల్లో కూర్చుంటారు. పాస్టరుగారు నడుముకు తువ్వాలు చుట్టుకుని ఒక్కొక్కరి కాళ్ళూ కడుగుతారు. ఎంచుకున్నవాళ్ళకు ముందే కబురు వెళుతుంది, కాళ్ళు శుభ్రంగా కడుక్కుని, గోళ్ళు తీసుకుని రమ్మని. కిందటేడు ఒక పెద్దమనిషి కాళ్ళకు పౌడరు కూడా రాసుకొచ్చాడు. నీళ్ళు పోయగానే పళ్ళెంలో పాలలా తెల్లగా తేలింది. ఈ కడిగిన కాళ్ళను మళ్ళీ కడుగుతున్నంత సేపూ బృందం ఒక పాట పాడుతుంది. ఆ పాట మా సంఘంలో చాలా పాతది. నాలుగు చరణాలు. మూడోది ఆ పాటకు ప్రాణం, యజమాని దాసుడిలా వంగి మురికి కాళ్ళు పట్టుకోవడం గురించి. కొత్త బృందం మాత్రం సాధనలో మొదటి రెండు చరణాలు పాడి, పల్లవినే తిప్పి తిప్పి పాడుతోంది. మూడోది నెమ్మదిగా సాగుతుందట, నాలుగోది ఎవరికీ నోటికి రాదట.

ఇంటికెళ్ళి అమ్మతో చెప్పాను. ఆమె వంటింటి గడప మీద కూర్చుని చింతపండు పిక్కలు తీస్తోంది.

"నా కాళ్ళు నేను కడుక్కుంటానని చెప్పు. ఊళ్ళోవాళ్ళ ఒళ్ళంతా కడిగినదాన్ని, నా కాళ్ళు కడుక్కోలేనా? నా పాట నాకు ఇమ్మను."

"చెప్పాను. ఇవ్వరట."

"ఏం చెప్పినావో నువ్వు! నీకు నోరుంటే సరిపోదుమే, ఆ నోట్లో పద్ధతి ఉండాల."

"పద్ధతి నీ దగ్గరే నేర్చుకున్నాను."

ఆమె పిక్క తీసి గిన్నెలోకి విసిరింది. ఇంకో పిక్క తీస్తూ, ఏమీ ఎరగనట్టు అడిగింది. "ఆ రోజు ఆ పాటే పాడతారా?"

"అదే."

"మూడో చరణం?"

"పాడరు. నీకు తెలుసు కదా."

"సరి. వస్తానని చెప్పు."

నాకు అనుమానం వచ్చింది. అడిగితే చుమ్మా, ఊరికే అంది. గురువారం సాయంత్రం బీరువా అడుగు నుంచి తెల్లచీర తీసి కట్టుకుంది. కాళ్ళు కడుక్కుని రమ్మని కబురొస్తే, "ఏం, కడుక్కోకుండా పోయేదాని మాదిరి ఉండానా?" అని ఫోను తెచ్చిచ్చిన నా మీద విరుచుకుపడింది.

పన్నెండో కుర్చీ ఆమెది. ఆడవాళ్ళను చేర్చారు గాని చివర్న చేర్చారు. నేను మూడో బల్లలో, అలవాటు ప్రకారం నోరు ఆడిస్తూ కూర్చున్నాను. పాస్టరుగారు మోకాళ్ళ మీద ఒక్కో కుర్చీ దగ్గరికీ జరుగుతూ వచ్చారు. నీలం ప్లాస్టిక్ టబ్బులో గోరువెచ్చని నీళ్ళు, కొంచెం పన్నీరు వాసన. బృందం పల్లవి ఎన్నోసారో పాడుతోంది. ఆయన అమ్మ దగ్గరికి వచ్చేసరికి కీబోర్డు నాయకుడు ముగింపు వాయించడం మొదలుపెట్టాడు. అమ్మ కుడికాలు టబ్బులో పెట్టింది. పెట్టి, మూడో చరణం ఎత్తుకుంది.

కీబోర్డు తడబడింది. ఆమె శ్రుతి వేరు, కిందది. నాయకుడు మెట్లు వెతికాడు, దొరకలేదు, ఆపేశాడు. పాస్టరుగారు కాలు కడిగి, తువ్వాలు పట్టుకుని, కాలు పైకి వస్తుందని ఎదురుచూశారు. రాలేదు. తలెత్తి చూశారు. అమ్మ ఆయన నెత్తి మీదుగా సంఘాన్ని చూస్తూ పాడుతోంది, నలభై ఏళ్ళు చూసిన చూపే. ఆయన మడమ కింద చెయ్యి పెట్టి మెల్లగా లేపబోయారు. ముప్పై ఏళ్ళు ఆసుపత్రి వరండాల్లో నిలబడ్డ కాలు అది. కదల్లేదు. ఆయన నల్లరాతి నేల మీద, తువ్వాలు చేతిలో పెట్టుకుని, మోకాళ్ళ మీద అలాగే ఉండిపోయారు. పాటలో ఉన్నది కూడా అదే కదా అని నాకు నవ్వొచ్చింది. జాలి రాలేదు.

వెనక బల్లల్లోంచి పాత ముసలమ్మలు ఒక్కొక్కరే అందుకున్నారు. చరణం పైకి ఎక్కే చోటుకు వచ్చింది. అక్కడ అమ్మ గొంతు చీలింది. చీలి, ఆగిపోయింది. ఆమె నోరు తెరుచుకునే ఉంది, శబ్దం లేదు. ముసలమ్మలు కూడా ఆమె కోసం ఆగారు, అది వాళ్ళ పాత అలవాటు. ఫోను స్టాండు మీంచి అంతా చూస్తోంది. నాయకుడు కీబోర్డు మీద చేతులు పెట్టాడు, ఇక ఈ దయనీయమైన వ్యవహారం ముగిద్దామన్నట్టు.

ఆ చేతులు చూసి నేను పాడాను. గట్టిగా పాడాను. శ్రుతి ఎక్కడుందో నాకు తెలియదు, ఎప్పుడూ తెలియదు. నా పక్కన కూర్చున్నావిడ ఉలిక్కిపడి జరిగింది. అమ్మ నన్ను చూసింది. ఆ చూపులో కృతజ్ఞత ఉందని రాస్తే అబద్ధం. పాయసంలో ఈగను చూసినట్టు చూసింది. నా పాట ఇంకో క్షణం కూడా భరించలేక, కిందికి దించిన స్వరంలో మళ్ళీ అందుకుని చరణం తనే పూర్తి చేసింది.

అప్పుడు కుడికాలు ఎత్తింది. పాస్టరుగారు తుడిచి, ఊపిరి వదిలి లేవబోయారు.

"ఇంకో కాలుండాది అయ్యా" అంది అమ్మ. ఎడమకాలు టబ్బులో పెట్టి నాలుగో చరణం మొదలుపెట్టింది.

ఆరాధన అయ్యాక ఆయన గుమ్మం దగ్గర అమ్మను పలకరించారు. మోకాలు పట్టేసినట్టుంది, ఒక పక్కకు ఒరిగి నిలబడ్డారు. "ముందే ఒక మాట చెప్పుంటే ఏర్పాటు చేసేవాళ్ళం కదమ్మా" అన్నారు.

"మా బిడ్డ మీ గదికే వచ్చి చెప్పింది కదయ్యా. మీరు కాళ్ళు అడిగినారు, ఇచ్చినా."

షేర్ ఆటోలో ఇంటికి వెళ్తున్నాం. నలుగురు కూర్చునే చోట ఆరుగురం. అమ్మ నా ఒళ్ళో సగం కూర్చుని నన్నే తిట్టింది.

"నిన్ను ఎవరు పాడమన్నారుమే? శ్రుతంతా నాశనం చేసినావు. ఊపిరి పట్టుకునేదానికి ఒక్క నిమిషం ఆగినా, అంతే. నాకు రాకనా?"

"గొంతు పోయింది నీకు. ఫోన్లో ఊరంతా చూసింది."

"పోతే పోయింది. నా గొంతు పోతే నీ గాడిద గొంతు ఎందుకు మధ్యలో?"

ఆటో డ్రైవరు అద్దంలోంచి మమ్మల్ని చూసి, తమిళంలో, దిగాక కొట్టుకోండమ్మా అన్నాడు. అమ్మ తమిళంలోనే అతని సంగతి కూడా చూసింది.

ఈస్టరు ఆదివారం ఎవరినీ అడగకుండా వెళ్ళి ముందు వరసలో తన పాత చోట నిలబడింది. నాయకుడు నవ్వు ముఖంతో దగ్గరికి వచ్చాడు.

"మామ్మగారూ, మైకు..."

"ఏం నాయనా, మైకుకు నేను అడ్డమా? అయితే దాన్ని జరుపుకో."

అతను మైకు స్టాండును రెండడుగులు అవతల పెట్టాడు. అమ్మ రెండడుగులు అటే జరిగింది. అతను పాస్టరుగారి వైపు చూశాడు. పాస్టరుగారు మోకాలు రుద్దుకుంటూ బైబిల్లో ఏదో వెతుక్కోవడం మొదలుపెట్టారు. కీబోర్డు మోగింది, అమ్మ ఇంకా మొదటి మాట ఎత్తుకోలేదని గుర్తొచ్చి ఆగింది.

ఆమె ఎత్తుకుంది. సంఘం అందుకుంది. నేను కూడా అందుకున్నాను. ముందు వరసలోంచి అమ్మకు అది వినబడింది, పాడుతూనే తల తిప్పి, పెదవుల మీద వేలు పెట్టి నా వైపు చూసింది. నేను పాటల పుస్తకం ముఖానికి అడ్డంగా ఎత్తి ఇంకాస్త గట్టిగా పాడాను.