అవిశ్వాస పత్రంపై ఆమె సంతకం

సికింద్రాబాద్ స్టేషన్ వెయిటింగ్ హాలులో ఆ ఉదయం నా పక్కన కూర్చున్నావిడ ఒక మున్సిపల్ కౌన్సిలర్. అవిశ్వాస తీర్మానంపై సంతకాలు నకిలీవని చైర్మన్ హైకోర్టుకెక్కాడట. ఈమె ఆ రోజు జడ్జి ముందు సంతకం చేసి చూపాలి.

"అది మీరు పెట్టిందేనా?" అన్నాను.

"నేనేడ పెట్టిన సార్! గెలిచిన కాన్నుంచి అన్నిట్ల మా ఆయనే పెడ్తడు. నాది కాదంటే ఆయన జైలుకు పోతడు."

"నిజం చెప్పండమ్మా! ఓట్లేసింది మీకు కదా?"

"చెప్పి ఇంటికెట్ల పోవాలె?"

నా చేతిలోని నోటుపుస్తకం, కలం అడిగి తీసుకుంది. తీర్మానం జిరాక్సు చూస్తూ, తన పేరునే భర్త దస్తూరీలో మళ్లీ మళ్లీ రాసింది.

"జెర చూడుండ్రి సార్, కలిసిందా?"

తప్పును తప్పని ముఖానే చెప్పే నేను, కలిసిందనే చెప్పాను.