స్కేలు కింద కాగితం

ఆఫీసుల సందులో ఆవిడ అసలు పేరు ఎవరికీ అక్కర్లేదు, జిరాక్సమ్మ అంటే చాలు. ఒక మెషీను, గుండుసూదుల డబ్బా, అట్ట ఊడిన డిక్షనరీ, అడుగు పొడవు చెక్క స్కేలు, ఇదీ ఆమె కొట్టు. కాపీలకు వచ్చినవాళ్లలో సగం మంది కాగితం మీద వేలు పెట్టి ఈ ఇంగ్లీషు ముక్కకి అర్థమేంటమ్మా అని అడిగేవారు. చదివింది పదో తరగతే అయినా, ఇరవయ్యేళ్లుగా అడిగించుకుని అడిగించుకుని ఆమె పండిపోయింది. అప్లికెంట్ అంటే ఎవరు, గార్డియన్ అంటే తండ్రేనా, మేడమ్ అని రాయాలా మిసెస్ అని రాయాలా, అన్నీ నోటికొచ్చు.

ఆమెకొక నియమం ఉండేది. వేలు పెట్టిన మాట తప్ప మిగతా కాగితమంతా స్కేలుతో, అరచేతితో కప్పేసేది. ఎవరి గుట్టు వాళ్లది, మనకెందుకొచ్చిన గొడవ అనేది. పరాయి కాగితం చదివితే కళ్లు పోతాయన్నంత భయం.

అలాంటి మనిషిని ఆ వారం సొంత అక్కే తికమక పెట్టింది. అక్క రెండు వీధుల అవతల బట్టలు కుడుతుంది. ఇంగ్లీషు మొహం ఏనాడూ చూసింది కాదు. సోమవారం మధ్యాహ్నం వచ్చి, నాలుగు మడతల కాగితం కొంచెం విప్పి, ఒక్క మాట మీద వేలు పెట్టి, దీనర్థమేంటే అంది. స్పెసిమెన్. మిగతాది స్కేలుతో కప్పి, నమూనా అని చెప్పింది చెల్లెలు. మంగళవారం ఇర్రెగ్యులర్. క్రమం లేనిది. బుధవారం అడ్వైజ్డ్. సలహా ఇచ్చారని. గురువారం ఇమ్మీడియట్‌లీ. వెంటనే.

ఒకదానికొకటి పొంతన లేదు. బావ పనికి సరిగ్గా పోవడం లేదని నోటీసు గాని వచ్చిందా? మరి నమూనా ఎందుకు? కుట్టుపనికి పెద్ద ఆర్డరేదైనా తగిలిందా? అయితే ఆ మొహం పాలిపోవడమేమిటి? అడిగితే ఊరికేలే అని మాట దాటేసింది. అమ్మ పనికి పోతే ఈ చెల్లెల్ని చంకనేసుకుని పెంచిన అక్క, పొద్దున ఏం తిన్నదీ కూడా దాచని అక్క, ఇప్పుడేదో దాస్తోంది. బుర్ర తిరిగిపోయి జిరాక్సమ్మ, రెండు కాపీలు అడిగినాయనకి పన్నెండు తీసిచ్చింది. స్కేలు ఒక్క అంగుళం జరిపితే తెలిసిపోయేది. జరపలేదు. అక్క కాగితమైతే మాత్రం నియమం నియమం కాదా?

శుక్రవారం మాలిగ్నెంట్. అది చెల్లెలికీ రాదు. డిక్షనరీ తిరగేసి, అర్థం చదివి, నమ్మలేక మళ్లీ చదివింది. ఒంట్లో గడ్డ ప్రాణం మీదకు తెచ్చేదైతే వాడే మాట. నాలుగు రోజుల మాటలూ దాని వెనకే వచ్చి వరసగా నిలబడ్డాయి. పుస్తకం మూసేసింది.

"ఈ మాట ఇందులో లేదక్కా," అంది.

"ఉంటుందిలే. నాకు తెలుసే అర్థం. మొదటి రోజే డాక్టరమ్మ విడమరిచి చెప్పింది."

"మరి రోజూ వచ్చి నన్నెందుకు అడిగావు?"

"నీకు చెబుదామనే వచ్చేదాన్ని. నోరు పెగిలేది కాదు. ఒక్కో మాటా చూపిస్తే, కాగితం లాక్కుని నువ్వే చదువుతావనుకున్నా. నువ్వేమో ఆ స్కేలు తీసేదానివి కాదు."

జిరాక్సమ్మకి ఏడవాలో, అక్కని తిట్టాలో, తనని తాను తిట్టుకోవాలో తెలియలేదు. నొప్పిగా ఉందా, మందుందా, అడగాల్సినవి వంద ఉన్నాయి. అక్క కాగితం మడతలు విప్పి మెషీను మీద పెట్టి, పెద్దాసుపత్రిలో రెండు కాపీలు అడిగారంది. వెలుతురు ఇటునుంచి అటు పోయింది. ఇన్నేళ్లలో మొదటిసారి ఇంకొకరి కాగితం పైనుంచి చదవబోతే, అక్క పేరు దగ్గరే చూపు ఆగిపోయింది.

కాపీలు సంచిలో పెట్టుకుంటూ అక్క, "అమ్మకి మాత్రం నువ్వే చెప్పాలి. నా వల్ల కాదు," అంది.

అందరికీ అర్థాలు చెప్పే మనిషి సరేనని తలూపింది. కొట్టు మూసి ఇద్దరూ నడిచారు. అమ్మ గుమ్మం ముందు, ఏ మాటతో మొదలుపెట్టాలో తోచక, చెల్లెలు తలదించి చేతిలోకి చూసుకుంది. స్కేలు ఇంకా అక్కడే ఉంది.