దాసు చూడని అప్‌డేట్

దెయ్యాల మాటెత్తితే నవ్వేవాణ్ణి నేను. లారీ డ్రైవర్‌గా బతుకంతా సాలూరు ఘాట్ ఎక్కి దిగినవాణ్ణి. శ్మశానాల పక్కన బండి ఆపి, సమాధి మీద తల పెట్టుకుని నిద్రపోయిన రోజులకు లెక్కలేదు.

మాది గరివిడి. మా అబ్బాయి దాసు మొదట నా లారీకే క్లీనరు. బండి వెనక్కి తీసేటప్పుడు క్లీనరు బాడీ మీద చేత్తో కొడతాడు. రెండు దెబ్బలంటే పోనీ అని, గట్టిగా ఒక్కటంటే ఆపమని. తర్వాత వాడూ డ్రైవరయ్యాడు. ముప్ఫై దాటకుండానే కిడ్నీలు చెడిపోయాయి. డయాలసిస్ మొదలయ్యాక ఇక లారీ నడపొద్దన్నారు.

అప్పుడు వాడి స్నేహితులు కంప్యూటరూ, బల్లకు బిగించే స్టీరింగూ, కాళ్లకింద పెడళ్లూ తెచ్చిపెట్టారు. లారీ నడిపే ఆట. బరువూ, టైరు పట్టూ నిజం బండిలాగే లెక్కకట్టి నడుపుతుందట. ఒంట్లో కాస్త ఓపికున్నప్పుడల్లా వాడు ఆ బల్ల ముందు కూర్చునేవాడు. ఎడమ పక్క ప్లాస్టిక్ కుర్చీలో నేను క్లీనర్ని. రివర్సులో బల్ల మీద కొట్టేవాణ్ణి. కొడుకు దగ్గర పనికి కుదిరానని టీ కొట్టులో గొప్పగా చెప్పుకున్నాను కూడా.

ఒక్క లోపం పట్టుకుని మాత్రం ఏడిపించేవాణ్ణి. "ఇదేటి లారీరా, లోడుతో కొండ దిగినా బ్రేకు కాలదు?"

"అప్‌డేటొస్తాది నాన్నా. బ్రేకులు ఏడెక్కుతాయి, లోడు ఎనకనించి తోస్తాది. అప్పుడు సూద్దాం నీ డైవరీ."

దానికోసం రోజూ చూసేవాడు. అది రాకముందే పోయాడు.

జ్ఞాపకార్థ కూటం అయిన కొన్నాళ్లకు, తెర మీద ఉండే వాడి ఫొటో చూసుకుందామని మా ఆవిడ రూతమ్మ కంప్యూటర్ ఆన్ చేయించింది. ఆన్ చేయగానే అప్‌డేట్ దానంతటదే దిగడం మొదలైంది. మధ్యాహ్నానికి పూర్తయింది.

పైన శ్మశానాల సంగతి రాశాను గదా, అది సాగదీసిన మాట. పడుకున్నది ఒక్కసారే, టైరు పంచరైతే. నిద్రా పట్టలేదు. కానీ ఇకమీద చెప్పేదాంట్లో పెంచిందేమీ లేదు.

స్టీరింగ్ ముందు కూర్చున్నాను. వాడు ఆపిన చోటే, కొండ మీద, లోడుతో లారీ నిలబడి ఉంది. కదిలించాను. వాడన్నట్టే బరువు వెనకనుంచి తోసింది. తొక్కినకొద్దీ బ్రేకు పట్టు తగ్గింది. చక్రాల్లోంచి పొగ. మలుపు దగ్గరికి వచ్చేసరికి, ఎడమ పక్క ఖాళీ కుర్చీ వైపునుంచి బల్ల మీద ఒక్క దెబ్బ. గట్టిగా.

బల్ల మీదున్న గ్లాసులోంచి టీ ఒలికింది. గేరు తగ్గించి, బండిని మలుపులోనే నిలబెట్టేశాను.

కిటికీ మూసి ఉంది. గదిలో ఇంకెవరూ లేరు. కంప్యూటర్‌కు స్పీకర్లు కూడా లేవు. ఆ ఇంజను చప్పుడు మళ్లీ వినలేనని, వాడు పోయిన వారమే నేను పీకేశాను.

పాస్టరు గారికి చెబితే ప్రార్థన చేశారు. దుఃఖం చెవుల్లో కూడా ఉంటుంది అన్నారు. ఉండవచ్చు. మరి టీ ఎందుకు ఒలికిందో ఆయనా చెప్పలేదు, నాకూ అంతుపట్టలేదు. అప్పటినుంచి రోజూ మధ్యాహ్నం వెళ్లి ఆ స్టీరింగ్ ముందు కూర్చుంటున్నాను. ఎడమ కుర్చీలో ఎవరినీ కూర్చోనివ్వను.

ఇంతవరకూ రాసి రూతమ్మకు చదివి వినిపించాను. బియ్యంలో రాళ్లు ఏరుతూ చివరిదాకా విన్నది. చేట పక్కన పెట్టింది.

"ఆ రోజు ఆ గదిలో నువ్వు నేవు. వరండాలో ఉన్నావు, రమ్మంటే రానేదు. స్టీరింగు తిప్పింది నాను. బండి లోయలో పడేసింది నాను. ఆ దెబ్బ ఇన్నదీ నానే. నాను సెప్పిన కాణ్ణించి రోజూ ఎల్లి కూకుంతన్నావు, నీకింకా ఇనపడనేదు. ఆ మాటా రాయి."