జాడీలో గుడ్డు

మా వీధిలోకి రోజూ ఉదయం ఏడున్నరకు ఉల్లిపాయల ఆటో వస్తుంది. నా ఫిర్యాదు ఉల్లిపాయల మీద కాదు, మైకు మీద. ఎప్పుడో ఎవరో రికార్డు చేసిపెట్టిన గొంతు "రండమ్మా, ఎర్ర ఉల్లిపాయలు, గట్టి ఉల్లిపాయలు" అంటూ సందు సందూ తిరుగుతుంది. మధ్యలో ఒకచోట ఆ గొంతు దగ్గుతుంది. దగ్గు కూడా రికార్డయిపోయింది. నాలుగేళ్ళుగా జగ్గయ్యపేట అంతా ఆ దగ్గు వింటూనే ఉంది. ఆయనకు ఈపాటికి తగ్గే ఉంటుంది. మాకే తగ్గలేదు.

నేను చెప్పబోయే మూడు వారాలూ ఆటో మా గేటు ముందు ఆగినప్పుడల్లా మా ఆవిడ తువ్వాలుతో ముక్కు మూసుకునేది. వాసన వచ్చి కాదు. ఉల్లిపాయ అన్న మాట చెవిన పడినా ఆమె కడుపు ఊరుకునేది కాదు.

ఆమె నందిగామలో హైస్కూలు సైన్సు టీచరు. నేను ఇక్కడ జూనియర్ కాలేజీలో సివిక్స్ చెబుతాను. అంటే ఇంట్లో పనికొచ్చే చదువు ఆమెది. బెజవాడలో ఆపరేషన్ చేసి గడ్డ తీశారు. ఆ తర్వాత కీమో ఆరుసార్లు అన్నారు, మూడు వారాలకొకసారి. మూడోది అయ్యేసరికి జుట్టు పోయింది, నాలుక మీద రుచి పోయింది. పోపు వాసన సోకితే చాలు, తిన్నదీ తిననిదీ కూడా బయటికొచ్చేది. డాక్టరమ్మ కాగితం మీంచి తల ఎత్తకుండానే చెప్పారు.

"నలభై రెండు కేజీలున్నారు. నాలుగో డోసుకి వచ్చేటప్పటికి ఇంతకన్నా తగ్గితే నేను ఎక్కించను, వాయిదా వేస్తాను. వాయిదా మంచిది కాదు. రోజుకి రెండు పూటలా గుడ్లు పెట్టండి, బాగా ఉడికినవి. ఎలా తినిపిస్తారో మీ ఇష్టం."

రుచి మాటేమిటని అడిగాను.

"కొంతమందికి మూడో వారానికి కాస్త తిరిగొస్తుంది. కొంతమందికి రాదు. చెప్పలేం."

నాకు కొంచెం భయం వేసింది. కొంచెమంటే, మూడు వారాలకు సరిపడా.

ఉడకబెట్టిన గుడ్డు మొదటిరోజే ఓడిపోయింది. పెంకు వలుస్తుండగానే ఆమె "హైడ్రోజన్ సల్ఫైడ్" అని ఆ వాసనకు పేరు చెప్పి మరీ వాంతి చేసుకుంది. ఆ కబురు విని నందిగామ నుంచి మా అత్తగారు శుక్రవారం మొదటి బస్సుకే దిగారు. సంచి కింద పెట్టకుండానే వంటింట్లోకి నడిచారు.

"మీరు పక్కకి రండి అల్లుడుగారూ. గుడ్డు పొరటు మూడు నిమిషాల పని."

మూడు నిమిషాలు పట్టలేదు. నూనెలో ఉల్లిపాయ పడీ పడగానే మా ఆవిడ మంచం దిగి పెరట్లో కుళాయి దగ్గరికి చేరింది. తర్వాత ఆ పొరటు అత్తగారూ నేనూ వంటింట్లో నిలబడి తిన్నాం, ఒకరి మొహం ఒకరు చూసుకోకుండా. చాలా బాగుంది. ఆ సంగతి నేను పైకి అనలేదు.

మర్నాడు మంచం మీంచి మా ఆవిడే అంది. "ఏవండీ, ఆ మైక్రోవేవ్‌లో కాగితాలు తీసేసి చూడకూడదూ? నూనె అక్కర్లేదు. వాసన డబ్బా దాటి రాదు."

మైక్రోవేవ్ మాకుంది. రెండేళ్ళ కిందట ఆమెకు బదిలీ అయినప్పుడు పాత స్కూలు స్టాఫంతా కలిసి ఇచ్చారు. హాల్లో బల్ల మీద లేసు గుడ్డ కప్పుకుని హాయిగా ఉంది. గ్యాసు పుస్తకం, ఆధార్ జిరాక్సులు, మా పెళ్ళి ఫొటోల నెగటివ్‌లు అందులో దాచుకున్నాం. ఎలకలు దూరలేని చోటు ఇంట్లో అదొక్కటే. దానితో వచ్చిన ప్లాస్టిక్ గిన్నెలు ఏనాడో స్కూలుకు వెళ్ళిపోయి సుద్దముక్కలకు ఆశ్రయమిచ్చాయి.

కాగితాలు తీశాను. అప్పుడు అత్తగారికి సందేహం వచ్చింది. ఆ రోజు శనివారం. వాళ్ళింట్లో శనివారం పొయ్యి మీద గుడ్డు పెట్టరు. తినకూడదని అంత పట్టింపు లేదు, పొయ్యికి తగలకూడదు. ఆవిడ ఒంగి మైక్రోవేవ్ లోపలికి చూశారు.

"మంటేదీ?"

"మంటుండదమ్మా," అంది మా ఆవిడ. "గుడ్డులో ఉన్న నీళ్ళే గబగబా ఊగి వేడెక్కుతాయి."

"మంట లేకుండా ఉడుకుద్దా?"

"ఉడుకుద్ది."

అత్తగారు దాని తలుపు ఒకసారి వేసి తీశారు. "మంట లేకపోతే అది పొయ్యెట్టా అయిద్ది? పొయ్యి కానప్పుడు శనివారమైతే ఏంటంట? కానీండి."

పాతికేళ్ళుగా పిల్లలకు సుప్రీంకోర్టు గురించి పాఠం చెబుతున్నాను. తీర్పు అంత త్వరగా రావడం అప్పుడే చూశాను.

తర్వాత గిన్నె దగ్గర ఆగిపోయాం. స్టీలు పెట్టకూడదని తలుపు మీదే బొమ్మ వేసి ఉంది. మా ఇంట్లో టీ తాగేది కూడా స్టీలు గ్లాసుల్లోనే. వంటిల్లంతా వెతికితే స్టీలు కానిది ఒక్కటే దొరికింది, అటక మీద ఖాళీగా ఉన్న చిన్న పచ్చడి జాడీ. పైన గోధుమరంగు, కింద తెలుపు. పెళ్ళయిన కొత్తలో అత్తగారే అందులో ఆవకాయ పెట్టి పంపారు. అప్పటి నుంచి అది ఆవకాయను తప్ప దేన్నీ ఎరగదు. దాని దగ్గరికి తడి చేత్తో వెళ్ళినందుకు నేను రెండుసార్లు మాట పడ్డాను.

"జాడీలో గుడ్డా?" అన్నారు అత్తగారు. "రేపు మళ్ళీ ఆవకాయ పెడితే బూజు పట్టదూ?"

అప్పుడే మా ఆవిడ మంచినీళ్ళ గ్లాసు కోసం చెయ్యి పైకెత్తింది. మణికట్టు దగ్గరుండాల్సిన గాజులు జారి మోచేతి దాకా వెళ్ళాయి. అత్తగారు ఆ గాజుల్ని చూశారు. జాడీ నా చేతిలోంచి తీసుకుని, అప్పటికే పొడిగా ఉన్నదాన్ని కొంగుతో మళ్ళీ ఒకసారి తుడిచి నాకే ఇచ్చేశారు.

రెండు గుడ్లు కొట్టి, రెండు చెంచాల పాలు పోసి, చిటికెడు ఉప్పేసి, చెంచాతో బాగా గిలకొట్టి లోపల పెట్టాను. ముప్పై సెకన్లు. తలుపు వేయగానే లోపల పచ్చటి దీపం వెలిగింది. పళ్ళెం తిరగడం మొదలుపెట్టింది. జాడీ దాని మీద ఊరేగింపులో దేవుడిలా, ఏ తొందరా లేకుండా తిరిగింది. మా ఆవిడ కూడా లేచి వచ్చింది. గర్భగుడి తలుపు ముందు నిలబడ్డట్టు ముగ్గురం ఆ అద్దం ముందు నిలబడ్డాం.

మొదటి ముప్పై సెకన్లలో ఏమీ జరగలేదు. తీసి కలిపితే పాలకన్నా చిక్కగా కూడా లేదు. మళ్ళీ ముప్పై. ఈసారి అంచున తెల్లటి దారంలాంటిది కనిపించింది. కలిపి మూడోసారి పెట్టాను. అద్దం బయటి నుంచి చూస్తే జాడీ మట్టుకే కనిపిస్తుంది. లోపల ఏం జరుగుతున్నదీ తెలియదు. పదిహేను సెకన్లు అలాగే తిరిగింది. ఇరవయ్యో సెకనులో జాడీ మూతి దగ్గర పసుపుపచ్చగా ఏదో కదిలింది. మెల్లగా, నిద్రపోయేవాళ్ళు ఊపిరి పీల్చినట్టు, పైకి వచ్చింది. మూతి దాటి, బెత్తెడు ఎత్తు లేచి, అలాగే నిలబడి తిరుగుతోంది.

"అమ్మో, లేస్తందే!" అన్నారు అత్తగారు. "ఆపండి, ఆపండి!"

"ఉండమ్మా," అంది మా ఆవిడ.

గంట మోగింది. తలుపు తీశాను. లేచినది లేచినట్టే ఒక్క క్షణం ఉండి, పీల్చిన ఊపిరి వదిలేసి జాడీలోకి దిగిపోయింది. చెంచాతో కదిపితే మెత్తటి పొరలు పొరలుగా విడింది. మంట లేదు, నూనె లేదు, చప్పుడంటే తేనెటీగ ఎక్కడో దూరంగా తిరుగుతున్నంత. యాభై రెండేళ్ళుగా గుడ్లు తింటున్నాను. గుడ్డు ఇంత పని చేయగలదని ఎవరూ చెప్పలేదు. నాకేదో ఒక మాట అనాలనిపించింది. తమాషాగా ఏదీ తోచలేదు. అది నాకు తరచుగా జరిగేది కాదు.

మా ఆవిడ జాడీ మీదికి ఒంగి వాసన చూసింది. మేమిద్దరం ఊపిరి బిగబట్టాం. తువ్వాలు ముక్కు దాకా వెళ్ళలేదు. కుర్చీలో కూర్చుని, జాడీ ఒళ్ళో పెట్టుకుని, ఒక చెంచా నోట్లో పెట్టుకుంది.

"ఎట్టా ఉందే?" అన్నారు అత్తగారు.

"మట్టి తిన్నట్టుంది."

రెండో చెంచా పెట్టుకుంది. "మట్టే. కానీ దిగుతుంది."

పదకొండు చెంచాలయ్యాయి. ఒక్కొక్కటీ పదో తరగతి జవాబు పత్రాలు దిద్దేటప్పుడు పెట్టే మొహంతోనే మింగింది. గుడ్డు లేవడం చూసి ఆశ్చర్యపోయినవాణ్ణి, అప్పటికి అసలు ఆశ్చర్యం ఇంకా మొదలే కాలేదని తెలుసుకున్నాను. మట్టిని రోజుకి రెండు పూటలా, పూటకి పదకొండు చెంచాలు, ఎవరూ బతిమాలకుండా తినే మనిషితో ఇరవై ఆరేళ్ళుగా కాపురం చేస్తూ, ఆమెకు ఓపిక తక్కువని నేను అందరికీ చెబుతూ వచ్చాను.

తర్వాత అదే మా దినచర్య. కాలేజీకి వెళ్ళేముందు ఒకసారి, వచ్చాక ఒకసారి. ముప్పై, ముప్పై, ముప్పై. అత్తగారు మాతోనే ఉండిపోయి, రోజూ అద్దం ముందు నిలబడేవారు. గుడ్డు లేచేటప్పుడు రోజూ "అమ్మో" అనేవారు. "ఎట్టా ఉంది?" అని నేను రోజూ అడిగేవాణ్ణి. రోజూ మట్టే. మట్టి అన్నప్పుడల్లా మర్నాడు ఉప్పు కొంచెం పెంచేవాణ్ణి. వంటలో నాకు తెలిసిన విద్య అదొక్కటే. నేను మాత్రం ఒక్క చెంచా కూడా రుచి చూడలేదు. ఆ చెంచా ఆమె బరువులోంచి పోతుందని నా లెక్క.

నాలుగో డోసు సోమవారం. ఆదివారం సాయంత్రం ఆమెను ఎదురింటికి తీసుకెళ్ళాం. ఆయన పత్తి కొంటాడు. వరండాలో బస్తాలు తూచే పెద్ద కాటా ఉంది. ఆమె చెప్పులు విప్పి ఎక్కి నిలబడింది. ఆయన ఒంగి అంకెలు చూశాడు.

"నలభై ఒకటిన్నర," అన్నాడు.

అత్తగారు మెట్టు మీద కూలబడ్డారు. రెండు పూటల గుడ్లూ, పదకొండు చెంచాలూ, రోజూ లేచిన ఆ పసుపుపచ్చటి ఊపిరీ, అన్నీ కలిపి అర కేజీ నష్టం. రేపు డాక్టరమ్మ కాగితం మీంచి తలెత్తకుండా ఏమంటారో నాకు వినిపిస్తూనే ఉంది.

మా ఆవిడ సైన్సు టీచరు. ఎవరు చెప్పినా తనే చూసుకుంటుంది. కాటా మీంచే మెడ చాచి చూసింది.

"ఏమయ్యా, అక్కడ నలభై రెండున్నర ఉంటే నలభై ఒకటిన్నరంటావేంటి?"

ఆయన మళ్ళీ ఒంగి చూసి నాలుక కరుచుకున్నాడు. "అయ్యో, అలవాటండీ అక్కయ్యగారూ! బస్తాకి కేజీ తరుగు తీసేసి చెప్తాం కదండీ, సంచికీ తేమకీ. నోరు దానంతటదే అనేసిందండీ."

"తరుగు తీయడానికి నా కూతురు నీకు పత్తి బస్తాలా కనపడ్డదా?" మెట్టు మీంచి లేచారు అత్తగారు. "కళ్ళు పెట్టి తూచు మళ్ళీ!"

"తూస్తా పిన్నిగారూ, తూస్తా. మాస్టారూ, మీరైనా చెప్పండి, తేమ లేదు కదండీ అక్కయ్యగారిలో?"

మా ఆవిడ నవ్వింది. మూడో డోసు తర్వాత అదే మొదటిసారి. ఆ నవ్వుకి కాటా మీద అంకెలు కాసేపు నిలవకుండా ఊగాయి. నిలిచాక ఆయన మళ్ళీ చదివాడు. నలభై రెండున్నరే. నేను కూడా చదివాను. అత్తగారికి కళ్ళజోడు లేదు, అయినా ఆవిడా చదివారు.

సోమవారం ఉదయం బెజవాడ కారు ఎనిమిదింటికి చెప్పాం. నేను జాడీ లోపల పెట్టాను. ముప్పై, ముప్పై, ముప్పై. గుడ్డు లేచింది, అత్తగారు "అమ్మో" అన్నారు, గుడ్డు దిగింది. అప్పుడే సందు చివర మైకు వినిపించింది. ఎర్ర ఉల్లిపాయలు, గట్టి ఉల్లిపాయలు, దగ్గు. ఆటో మా గేటు ముందే ఆగింది. మా ఆవిడ జాడీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. తువ్వాలు కుర్చీ చేతి మీదే ఉండిపోయింది.

మొదటి చెంచా నోట్లో పెట్టుకుంది. మింగలేదు. ఆగింది. జాడీలోకి చూసింది, తర్వాత నా వైపు చూసింది.

"ఎట్టా ఉంది?" అన్నాను, రోజూ అడిగినట్టే.

"ఇంత ఉప్పేశారేంటండీ? మనిషన్నవాడు తింటాడా దీన్ని?"