జీపులో కుడి అంచు మనిషి

వరంగల్ ఎనుమాముల మార్కెట్లో మిర్చికి తొడిమలు తీసే దీనమ్మ నోటికి జడవని గుమాస్తా లేడు. తాపీ పని చేసే ఆమె భర్త జయరాజు 1985లో ములుగు నుంచి జీపులో వస్తూ చనిపోయాడు. మలుపులో జీపు కుడివైపుకు పల్టీ కొట్టింది. మిగతావాళ్లు దెబ్బలతో బయటపడ్డారు. శవం స్టీరింగుకు కుడిపక్కన, బండి కింద దొరికిందని పోలీసులు పంచనామాలో రాశారు.

ఆ ఒక్క ముక్క పట్టుకొని జీపు యజమాని కిషన్ రావు, డ్రైవరు కట్టయ్య కథ అల్లారు. ఆ రోజు నడిపింది జయరాజేనట. చచ్చినవాడి మీద కేసు నడవదు. తప్పు నడిపినవాడిదే గనక అతని పెళ్లానికి బీమా పరిహారమూ రాదు.

"సైకిలెక్కితేనే కిందపడేటోడు, జీపు నడిపిండా?" అని దీనమ్మ ఠాణా మెట్ల మీదే అరిచింది.

ములుగు జీపు ఎక్కే వాళ్లెవరికైనా అసలు సంగతి తెలుసు. డ్రైవరుకు కుడిపక్కన కూడా ఒక మనిషిని ఎక్కిస్తారు. అతను సీటు అంచున సగం ఆనుకొని, పైకమ్మీ పట్టుకొని వేలాడతాడు. డ్రైవరు ఎడమకు జరిగి, వంకరగా కూర్చుని నడుపుతాడు. జయరాజు ఆ అంచు మీద కూర్చున్నాడు. కానీ ఆ మాట కోర్టులో చెప్పడానికి ఒక్క జీపు డ్రైవరూ రాలేదు, చెబితే పర్మిట్ పోతుంది. ప్రమాదం రోజున ముందు సీట్లో ఉన్న మిగతా ఇద్దరూ కిషన్ రావు జీతగాళ్లు. వెనక ఇరుక్కున్నవాళ్లకు ముందు ఏమీ కనబడలేదు.

పాస్టరు కృపానందం ఇంటికొచ్చి, "క్షమించెయ్యమ్మా, ప్రభువు చూసుకుంటాడు" అన్నాడు.

"క్షమిస్త అయ్యగారూ. నడిపిందెవడో కాయితం మీద రాసినంక."

పరిహారం కోసం కేసు వేసి రెండేళ్లు వాయిదాలకు తిరిగింది. కట్టయ్య సాక్ష్యం ఇచ్చే రోజున, తనతో తొడిమలు తీసే సమ్మమ్మను, యాకమ్మను వెంటబెట్టుకొచ్చింది. జడ్జి కోస్తా నుంచి కొత్తగా బదిలీ అయి వచ్చాడు. డ్రైవరుకు కుడిపక్కన మనిషి ఉన్నాడని ఆమె వకీలు ఆనందరావు చెబితే బీమా కంపెనీ వకీలు నవ్వాడు. "డ్రైవరు ఒళ్లో కూర్చున్నాడా ఏం?"

వెనక బెంచీ మీంచి దీనమ్మ లేచింది. "నువ్వు ములుగు జీపెక్కలే సారూ, నీకెట్ల తెలుస్తది? అయ్యా జడ్జిగారూ, కట్టయ్యను గీ బెంచీ మీద కూసొని చూపియ్యమనున్రి."

బంట్రోతు ఆమెను గదమాయించబోయాడు. జడ్జి చెయ్యెత్తి ఆపాడు. సమ్మమ్మ, యాకమ్మ బెంచీ మీద ఎడమవైపు కూర్చున్నారు.

"ఇది ముందు సీటు. బండి నిండింది, నడిపేది నువ్వు. కూర్చో" అన్నాడు జడ్జి.

కట్టయ్య కూర్చున్నాడు. పన్నెండేళ్లుగా ఎట్లా కూర్చుంటున్నాడో అట్లాగే కూర్చున్నాడు. నడుము దానంతటదే ఎడమకు జరిగింది.

"జర దూరం కూసో, మీద పడుతున్నవ్!" అని సమ్మమ్మ మోచేత్తో పొడిచింది.

కుడిపక్కన బెంచీ అంచుకు జానెడు ఖాళీ మిగిలింది. జడ్జి దాన్ని చూపించాడు. "అదెందుకు వదిలావు?"

"గది ప్యాసింజర్ జాగ సార్." అనేశాక కట్టయ్య నాలుక కరుచుకున్నాడు.

"ఆ రోజు అక్కడెవరున్నారు?"

కట్టయ్య కిషన్ రావు ముఖం చూశాడు.

"దొర దిక్కు చూస్తవేందిరా? అడిగేది సారు. చెప్పు" అంది దీనమ్మ.

"జయరాజన్న..." అన్నాడు కట్టయ్య, తల దించుకొని.

నెల తిరక్కుండానే తీర్పు వచ్చింది. వరండాలో ఆనందరావు పరిహారం సంగతి చెప్పబోతే దీనమ్మ ఆపింది.

"గది తర్వాత. నడిపిందెవరని రాసిన్రు?"

ఆయన పేజీ తిప్పి మెల్లగా చదివాడు: జీపు నడిపినది కట్టయ్య.

"గట్టిగ చదువు వకీల్ సాబ్" అంది దీనమ్మ. "కిషన్ రావు దొర ఆ చివర నిలబడ్డడు, ఆయనకు ఇనబడాలె."